అక్క కంప్యూటర్‌కు గొంతు పోయిన మూడు రోజులు

దబీర్‌పురా స్టేషన్ వెనక సందులో మాది పాల వ్యాపారం. తాత కాలం నుంచీ ఇంటి వెనక కొట్టంలో ఆరేడు బర్రెలు ఉంటూనే ఉన్నాయి. పొద్దున, సాయంత్రం పాలు పిండడం, ఇళ్లకు పోయడం మా బాపూ నేనూ చూసుకుంటాం. ఆ రెండు పూటల మధ్య దొరికే నాలుగైదు గంటల్లో నేను చుట్టుపక్కల వాళ్ల కంప్యూటర్లు బాగుచేస్తుంటాను. హార్డ్‌వేర్‌లో డిప్లొమా చేశాను గానీ ఉద్యోగం కుదరలేదు. చదువు వల్ల మిగిలింది ఈ సరదా ఒక్కటే. నాకు చాలా తెలుసని సందులో అందరూ అనుకునేవాళ్లు. నేనూ అలాగే అనుకునేవాణ్ని.

నేను పాలు పోసే ఇళ్లలో ఒకటి మసీదు మలుపు దగ్గరి మేడ మీది గది. అందులో ఒక అక్క ఒంటరిగా ఉంటుంది. పుట్టినప్పటి నుంచీ ఆమెకు చూపు లేదు. ఒక సర్కారీ ఆఫీసులో ముప్పై ఏళ్లకు పైగా టెలిఫోన్ ఆపరేటర్‌గా పనిచేసి, రెండేళ్ల కింద రిటైరైంది. వయసులో మా అమ్మకు దగ్గరైనా, సందులో చిన్నాపెద్దా అందరికీ ఆమె అక్కే. నా అడుగుల చప్పుడు మొదటి మెట్టు మీదే పట్టేస్తుంది. నేను పైకి వెళ్లేసరికి గిన్నె గడప దగ్గర సిద్ధంగా ఉంటుంది.

ఆ గదిలో ఒక పాత డెస్క్‌టాప్ కంప్యూటర్ ఉంది. తెర మీద ఏముందో చదివి వినిపించే స్క్రీన్ రీడర్ ప్రోగ్రామ్ అందులో ఉంది. పుస్తకాలు చదివే ప్రోగ్రామ్ వేరే, గంటగంటకూ టైం చెప్పే గడియారం ఇంకోటి. ఈ మూడూ ఒకే తెలుగు ఆడగొంతుతో మాట్లాడేవి. పొద్దున నేను పాలు పోసేటప్పుడు ఆ గొంతు పేపర్ చదువుతుండేది. మధ్యాహ్నం కిటికీ కింద నుంచి నడిచిపోతే నవల చదువుతుండేది. ఎంత వేగంగా అంటే, నాకైతే ఒక్క ముక్క అర్థమయ్యేది కాదు. అక్కకు ఆ వేగమూ చాలదు.

ఒకరోజు పాలు పోస్తుంటే, "తమ్మీ, కంప్యూటర్ మస్తు నెమ్మదైంది. జర చూస్తవా?" అని అడిగింది.

మధ్యాహ్నం వెళ్లాను. డిస్క్ నిండిపోయి ఉంది. అక్కర్లేనివి తీసేస్తే సరిపోతుంది. పని మొదలుపెట్టగానే ఆ గొంతు నాకు అడ్డమైంది. నేను ఎక్కడ నొక్కితే అక్కడిది చదువుతోంది. మౌస్ కదిలిస్తే చదువుతోంది, కదిలించకపోయినా చదువుతోంది. పక్కన ఎవరో కూర్చుని నా ప్రతి వేలికీ వ్యాఖ్యానం చెప్తున్నట్టు చిరాకు పుట్టింది. స్పీకర్ల చెవి తిప్పి సౌండ్ పూర్తిగా తగ్గించాను.

తీసేయాల్సిన వాటిలో మాట్లాడే నిఘంటువు ఒకటి కనిపించింది. ఎప్పటిదో పాతది.

"అక్కా, గీ డిక్షనరీ వాడుతున్నవా?"

"లేదు, ఏండ్లైంది. తీసెయ్."

తీసేస్తుంటే మధ్యలో తెర మీద ఒక పెట్టె తెరుచుకుంది. ఫలానా షేర్డ్ ఫైలును ఇప్పుడు వేరే ఏ ప్రోగ్రామూ వాడుతున్నట్టు లేదు, తీసేయమంటారా అని అడిగింది. కింద ఇంకో వాక్యం కూడా ఉంది. ఏ ప్రోగ్రామైనా దాన్ని వాడుతుంటే ఆ తర్వాత అది పనిచేయకపోవచ్చు, అనుమానంగా ఉంటే వద్దనండి అని. ఆ వాక్యాన్ని నేను ఆ రోజు చదవలేదు. అలాంటి పెట్టెలు వందలు చూశాను. 'అన్నిటికీ అవును' అన్న బొత్తాం నొక్కేశాను.

కంప్యూటర్ ఆపి మళ్లీ ఆన్ చేశాను. వేగం పెరిగింది. స్పీకర్ల చెవి తిప్పి సౌండ్ పెంచాను. ఏమీ వినబడలేదు. ఇంకా పెంచితే స్పీకర్లు బుస్సుమన్నాయి తప్ప మాట లేదు. తెర మీద మాత్రం ఒక చిన్న పెట్టె, ఒక ఫైలు కనబడనందువల్ల ప్రోగ్రామ్ మొదలుకాలేదని.

అక్క కుర్చీలో ముందుకు వంగి వింటోంది. "ఏంది తమ్మీ, మాట్లాడుతలేదు?"

"స్పీకర్ ప్రాబ్లం అక్కా. వైరు లూజున్నట్టుంది."

అక్క లేచి వచ్చింది. కీబోర్డు మీద మూడు మీటలు కలిపి నొక్కింది. వెంటనే ఒక మగగొంతు ఇంగ్లీషులో తెర మీదున్న పెట్టెను చదవడం మొదలుపెట్టింది. కంప్యూటర్‌తో పాటే వచ్చే గొంతు అది. అందులో అలాంటిదొకటి ఉందని కూడా నాకు తెలియదు.

"స్పీకర్ మంచిగనే ఉన్నది," అంది అక్క.

నవల ఉన్న ఫైలు తెరిచింది. మగగొంతు ఫైలు పేరులోని అంకెలు చదివింది, పేజీ నంబరు చదివింది. తెలుగు అక్షరాల దగ్గరికి రాగానే ఆగిపోయింది. అక్క బాణం మీట నొక్కుతూ కిందికి పోతోంది, గొంతు రావడం లేదు. అక్కడక్కడా ఉన్న ఫుల్‌స్టాప్‌ల దగ్గర మాత్రం 'డాట్' అంది. పేజీ అంతా అక్షరాలు నా కళ్లకు కనబడుతున్నాయి. అక్కకు మాత్రం అవి ఒక్కటీ లేవు.

"ఇంకా రెండు చాప్టర్లే ఉండె," అంది మెల్లగా.

"ఫికర్ చెయ్యకక్కా, రేపటికల్లా చేస్త," అని మెట్లు దిగాను.

సాయంత్రం పాలు పిండుతూ బాపుకు చెప్పాను. కంప్యూటర్‌లో లైబ్రరీ ఫైలు పోయిందని, అందుకే అక్కకు వినబడడం లేదని.

"లైబ్రరీ పోయిందా? అఫ్జల్‌గంజ్‌లదా?" అన్నాడు బాపు, బర్రె పొదుగు దగ్గర నుంచి తల ఎత్తి.

నాకు నవ్వొచ్చింది. ఆ పుస్తకాల లైబ్రరీ కాదని, ఇది కంప్యూటర్ లోపల ఉండేదని చెప్పాను. ఒక పని ఎలా చేయాలో ఒకే ఫైలులో ఒకసారి రాసి పెడతారు. ఏ ప్రోగ్రామ్‌కు ఆ పని అవసరమైతే అది ఆ ఫైలును పిలిచి చేయించుకుంటుంది. ప్రతి ప్రోగ్రామూ సొంతంగా రాసుకోనక్కర్లేదు. అందుకే షేర్డ్ లైబ్రరీ అంటారు.

"మరి గట్ల అందరు వాడేదాన్ని ఎవడు తీసేసిండు?" అన్నాడు బాపు.

నేను బకెట్ తీసుకుని పక్క బర్రె దగ్గరికి పోయాను.

రెండో రోజు ఇంట్లోనే ఇంటర్నెట్‌లో ఆ ఫైలు పేరు వెతికాను. ఏ ఫైలు పోయినా ఉచితంగా ఇస్తామనే సైట్లు బోలెడు దొరికాయి. ఒకదాన్లోంచి దించుకుని, పెన్‌డ్రైవ్‌లో వేసుకుని మధ్యాహ్నం అక్క దగ్గరికి వెళ్లాను. ఫైలును ఉండాల్సిన ఫోల్డర్‌లో పెట్టి కంప్యూటర్‌ను ఆపి మళ్లీ ఆన్ చేశాను. ఈసారి తెర మీదికి వేరే పెట్టె వచ్చింది, ఈ ఫైలు దీంట్లో నడిచేది కాదని. ముప్పైరెండు బిట్ల ప్రోగ్రామ్‌కు అరవైనాలుగు బిట్ల ఫైలు పెట్టానన్నమాట. పేరు ఒకటే, రకం వేరు. పిలిచే ప్రోగ్రామ్ ఏ రకమో ఫైలూ అదే రకం కావాలి.

అక్క అంతా వింటోంది. "గా ఫైలు నీకు ఎవరిచ్చిండ్రు?"

"నెట్‌ల దొరికిందక్కా."

"ఎవరిదో తెల్వదా?"

"తెల్వదు."

"తెల్వనోళ్లు ఇచ్చింది తెచ్చి లోపట పెట్టినవా? అండ్ల ఇంకేమున్నదో ఎవరికి ఎరుక? తీసెయ్ తమ్మీ."

తీసేశాను. చేతులు ఒళ్లో పెట్టుకుని కూర్చున్నాను. కింద స్టేషన్‌లో రైలు వచ్చి ఆగి వెళ్లింది. అక్క అడిగింది, "నిన్నటిదాంక మంచిగ మాట్లాడిన గొంతు ఒక్కసారి ఎట్ల పోయింది? పుస్తకాలదీ పోయింది, గడియారందీ పోయింది, స్క్రీన్ రీడర్‌దీ పోయింది. మూడు ఒక్కపారే ఖరాబు కావు. మూడింటికి కలిపి ఉన్నదేదో పోయింది. నువ్వొచ్చిన రోజే పోయింది."

ఇక దాచలేకపోయాను. డిక్షనరీ తీసేసేటప్పుడు అడిగిన ప్రశ్న గురించి, చదవకుండానే నొక్కిన బొత్తాం గురించి చెప్పాను.

"సౌండ్ తగ్గించకపోతే నాకు ఇనబడుతుండె," అంది అక్క. కోపంగా అనలేదు. జరిగింది జరిగినట్టు చెప్పినట్టుగా అంది. నాకు ఆ మాటే ఎక్కువ తగిలింది. ముప్పై ఏళ్లు ఇతరుల మాటలు వినడమే ఉద్యోగంగా చేసిన మనిషి పక్కన కూర్చుని, నేను ఆమె చెవులు మూశాను.

"కానీ ఒకటి సమజైతలేదు," అంది. "ఎవ్వరు వాడుతలేరని కంప్యూటర్ ఎందుకన్నది? మూడు వాడుతుంటే?"

ఇంటికి వెళ్లి చదివితే తెలిసింది. ఒక ప్రోగ్రామ్‌ను కంప్యూటర్‌లో ఎక్కించేటప్పుడు, ఈ షేర్డ్ ఫైలును నేనూ వాడతానని అది పేరు రాయించుకోవాలి. ఆ పేర్లన్నీ పోయాకే ఫైలు అక్కర్లేదని కంప్యూటర్ అనుకుంటుంది. నిఘంటువు ఒక్కటే రాయించుకున్నట్టుంది. తర్వాత వచ్చిన మూడూ ఫైలు ఎలాగూ ఉంది కదా అని ఊరికే వాడుకున్నాయి.

మూడో రోజు పొద్దున పాలు పోస్తుంటే ఈ మాట అక్కకు చెప్పాను. చాలాసేపు నవ్వింది. తర్వాత మంచం కింది ఇనుప పెట్టెలోంచి ఒక సీడీ తీసి ఇచ్చింది. ఆ నిఘంటువుతో పాటే వచ్చిన తెలుగు గొంతు సీడీ అది. కవర్ మీద బ్రెయిల్ చుక్కలు పొడిచిన కాగితం అతికించుకుంది. ముందే అడిగి ఉంటే రెండు రోజులు కలిసొచ్చేవి.

మధ్యాహ్నం గబగబా తిని వెళ్లాను. సీడీలోంచి గొంతును మళ్లీ ఎక్కించాను. పోయిన ఫైలు తన చోటికి వచ్చింది. నా కళ్లతో చూశాను. సంతోషంగా కంప్యూటర్ ఆపి మళ్లీ ఆన్ చేశాను.

మళ్లీ అదే పెట్టె. ఫైలు దొరకలేదు.

"ఇగో ఇక్కడే ఉన్నదక్కా! నా కండ్ల ముందే ఉన్నది. లేదంటున్నది!"

అక్క తల పక్కకు వంచి ఆలోచించింది. "దొరకనిది గా ఫైలేనా? లేకపోతే గా ఫైలుకు కావాల్సిందా?"

నేను మౌస్ వదిలి అక్క వైపు తిరిగాను.

"మా ఆఫీసుల గిట్లనే అయితుండె. ఫలానా సారు ఫోన్ చచ్చింది అని లొల్లి పెడుదురు. పోయి చూస్తే ఫోన్ మంచిగనే ఉంటది. ఫోన్‌కు వచ్చే లైన్ మధ్యల ఎక్కడో తెగుంటది. గీ ఫైలు ఇంకెవరినన్న పిలుస్తదా?"

పిలుస్తుంది. ఆ సంగతి నేను చదువుకున్నదే. ఒక లైబ్రరీ ఫైలు తన పనికోసం ఇంకొన్ని ఫైళ్లను పిలుస్తుంది, అవి మరికొన్నిటిని. అందులో ఏ ఒక్కటి లేకపోయినా మొదటి ఫైలు లేచి నిలబడదు. అప్పుడు పెట్టెలో కనిపించేది మొదటి ఫైలు పేరే. డిప్లొమా పరీక్షలో రాసి మార్కులు తెచ్చుకున్నాను. అవసరమైన రోజున మాత్రం అది అక్క నోటి నుంచి వచ్చింది, కంప్యూటర్ లోపల ఏముందో ఎప్పుడూ చదవని మనిషి నోటి నుంచి.

ఏ ఫైలు వేటిని పిలుస్తుందో చూపించే చిన్న ప్రోగ్రామ్ ఒకటి ఉంది. దించుకుని, గొంతు ఫైలును అందులో తెరిచాను.

అప్పుడు చూశాను. ఒక్క పేరు కింద ఏడు పేర్లు, ఆ ఏడింటి కింద ఒక్కోదానికి పది, పదిహేను. తెర చాలక కిందికి జరుపుతూ పోయాను, ఇంకా జరుపుతూనే ఉన్నాను. ఒక చిన్న పదం పలకడానికి ఇన్ని ఫైళ్లు ఒకదాన్నొకటి పిలుచుకుంటాయా? ఒకటి ధ్వని తరంగాలను లెక్కకడుతుంది, ఒకటి మెమరీలో చోటు ఇస్తుంది, ఒకటి స్పీకర్‌ను లేపుతుంది. పదేళ్లుగా కంప్యూటర్లు విప్పుతున్నాను, దుమ్ము దులుపుతున్నాను. ఇది ఇంత లోతుగా ఉందని ఒక్కసారీ అనుకోలేదు.

"ఏమైంది? సప్పుడు లేదు?" అంది అక్క.

"మస్తున్నయక్కా. గిన్ని ఉంటయని తెల్వదు."

"చదువు."

మగగొంతు ఆ పట్టికను చదవలేకపోతోంది. నేనే చదివాను. మనుషులు పెట్టుకోని పేర్లవి, అక్షరాలూ అంకెలూ కలిపి అతికించినట్టుంటాయి. ఒక్కో అక్షరం విడివిడిగా పలుకుతూ పోయాను. అక్క కళ్లు మూసుకుని వింది. కొన్నిటి పక్కన ఎర్రగుర్తు ఉంది, అదీ చెప్పాను. పట్టికలో ఎర్రగుర్తులు చాలానే ఉన్నాయి. అందులో సగం పట్టించుకోనక్కర్లేదని ఆ ప్రోగ్రామ్ రాసినవాళ్లే చెప్తారు. కానీ ఏ సగమో చెప్పరు. గంట దాటింది. గొంతు ఎండిపోయింది. అక్క చెంబు అందించింది. తాగి మళ్లీ చదివాను.

"ఆగు," అంది ఒక చోట. "ఇప్పుడు చదివినదాని ఆఖరికి నూట ఇరవై అన్నవ్."

"అవునక్కా."

"ఎర్రగ ఉన్నదా?"

"ఉన్నది."

"ఇంతకుముందు గిదే పేరు చదివినవ్. మొదటి ఏడుగురిల ఐదోదాని కింద. అప్పుడు ఆఖరికి నూట నలభై ఉండె. దానికి ఎరుపు లేదు."

నేను పైకి జరిపి చూశాను. ఐదోదాని కింద మూడో పేరు. అక్షరాలన్నీ అవే, చివర నూట నలభై. గంట కింద, డెబ్భై ఎనభై పేర్లకు ముందు నేను ఒక్కసారి పలికిన పేరు అది. నాకైతే చదివినట్టు కూడా గుర్తులేదు.

"ఎట్ల యాదికున్నదక్కా?"

"ఆరువందల ఎక్స్‌టెన్షన్ నంబర్లు యాదికి పెట్టుకున్న తమ్మీ. గివెంత?"

విషయం తేలిపోయింది. అది చాలా ప్రోగ్రాములకు ఆధారంగా ఉండే ఫైలు, సీ ప్లస్ ప్లస్ అనే ప్రోగ్రామింగ్ భాషలో రాసిన చాలావాటికి కావాల్సింది. కొత్త ప్రోగ్రాములకు నూట నలభై కావాలి. పాతదైన గొంతుకు నూట ఇరవైయే కావాలి. నిఘంటువు దాన్ని తనతో తెచ్చింది, నేను అన్నిటికీ అవునన్నాక తనతోనే తీసుకుపోయింది.

"పెద్ద నంబర్‌ది చిన్నదాని పని చెయ్యదా?" అని అడిగింది అక్క.

"చెయ్యదక్కా. దేన్ని చూసి రాసిండ్రో అదే కావాలె."

ఈసారి ఎవరి సైటో తెలియని చోటికి పోలేదు. ఆ ఫైలును తయారుచేసిన వాళ్ల సొంత సైట్‌కే వెళ్లి, వాళ్లు ఇచ్చే పూర్తి ప్యాకేజీని దించుకున్నాను. ఇంగ్లీషులో కనిపించిన ప్రతి పెట్టెనూ పైకి చదివి, తెలుగులో చెప్పి, అక్క సరేనన్నాకే నొక్కాను. ముప్పైరెండు బిట్లదేనా అని రెండుసార్లు చూసుకున్నాను. కంప్యూటర్ ఆపి మళ్లీ ఆన్ చేశాను.

తెర వెలిగింది. పెట్టె రాలేదు. ఒక్క క్షణం ఏమీ లేదు. తర్వాత ఆ గొంతు డెస్క్‌టాప్ మీదున్న వాటి పేర్లు చదవడం మొదలుపెట్టింది, ఎప్పటి వేగంతోనే.

అక్క చెయ్యి చాపి స్పీకర్ మీద పెట్టింది. లోపలి అదురు అరచేతికి తగులుతుందేమో, అలాగే ఉంచుకుంది. నేను తెర వైపు తిరిగి కూర్చున్నాను.

నవల తెరిచింది. ఆగిన చోటి నుంచే చదువు మొదలైంది. నాలుగైనప్పుడు గడియారం నవలకు అడ్డమొచ్చి టైం చెప్పింది. నాకు కుతూహలం పుట్టి, గొంతు ఫైలును ఈ క్షణంలో ఎవరెవరు వాడుతున్నారో కంప్యూటర్‌ను అడిగాను. మూడు పేర్లు చూపించింది. మెమరీలో ఉన్నది ఒక్క ఫైలే. ముగ్గురూ దాని దగ్గరికే వచ్చి పని చేయించుకుపోతున్నారు. ఒకరి మాట ఇంకొకరి మాటతో కలవడం లేదు. వాళ్ల మధ్య అది ఒక్క పొరపాటూ చేయడం లేదు. అది చూస్తూ ఎంతసేపు కూర్చున్నానో తెలియదు.

ఆ ఫోల్డర్‌లోనే ఒక చిన్న నోటు ఉంది. ఇంతకుముందు ఎవరూ తెరిచినట్టు లేదు. ఈ గొంతు కోసం ఒక మహిళ స్టూడియోలో కూర్చుని కొన్ని వేల వాక్యాలు చదివిందని, వాటిని ముక్కలు చేసి కలిపితే ఈ మాటలు వస్తున్నాయని అందులో రాసి ఉంది. ఆమె పేరు రాయలేదు. అక్కకు చదివి వినిపించాను.

"నాకెరుకే," అంది అక్క.

"ఎట్ల? ఎవరు చెప్పిండ్రు?"

"ఎవరు చెప్పాలె? 'ళ' అనేటప్పుడు ఆమెకు జరంత గొంతు ఆగుతది. పొద్దంత చదివి అలసిపోయిన మనిషికి గట్లనే ఆగుతది. మిషన్‌కు అలసట ఎక్కడుంటది?" అంది అక్క. "పదకొండేండ్ల సంది ఇంటున్న. ఒక్కపారి కలిస్తే చాయ్ పోసేదాన్ని."

నేను చెవులు రిక్కించి విన్నాను. 'కాళ్లు' అన్న మాట వచ్చింది, 'వాళ్లు' అన్న మాట వచ్చింది. ఎంత విన్నా నాకు ఆ ఆగడం పట్టుబడలేదు. సాయంత్రం పాలు పిండే వేళైంది. లేచి వచ్చేశాను.

మర్నాడు పాలు పోస్తుంటే అక్క చెప్పింది, నవల అయిపోయిందని, ఇప్పుడు ఇంకో పని ఉందని. "నిన్న నువ్వు చదివిన పేర్లన్ని ఏందేందో చెప్పు తమ్మీ. ఏది ఏం పని చేస్తదో. ముప్పై ఏండ్లు ఆఫీసుల ఎవరెవరు ఏం చేస్తరో నాకెరుకుండె. ఇంట్ల ఉన్నదానిల ఎవరెవరున్నరో నాకు ఎరుక లేదు."

నాకూ తెలియదని ఒప్పుకున్నాను. చదివి చెప్తానన్నాను. అప్పటి నుంచి వారానికి రెండు మధ్యాహ్నాలు మేం కూర్చుంటాం. నేను ఒక ఫైలు గురించి చదువుకుని వెళ్తాను. అక్క ప్రశ్నలు అడుగుతుంది. వాటిలో సగానికి జవాబు చెప్పలేక మళ్లీ ఇంటికొచ్చి చదువుతాను. వర్షాలు మొదలైనప్పుడు ఆరంభించాం. ఇప్పుడు చలి వచ్చింది. ఇప్పటికి ముప్పైనాలుగు ఫైళ్లయ్యాయి. నిన్న అక్షరాలను తెర మీద గీసే ఫైలు దగ్గరికి వచ్చాం. చూడని తెర మీద ఒక్కో తెలుగు అక్షరం ఎన్ని ముక్కలుగా వచ్చి ఎలా అతుక్కుంటుందో చెప్తుంటే, అక్క తన అరచేతిలో వేలితో 'క్ష' రాసుకుంటూ వింది.